మా ఇంటి వాల్యూం కంట్రోలు కథ

మా బరంపురం ఇంట్లో ఏ వస్తువు ఎప్పుడొచ్చిందో, ఎవరు తెచ్చారో చెప్పుకోవడం మాకు అలవాటు. రాగి బిందెలు, పట్టు చీరలు, తాతగారి రాతబల్ల, అన్నిటికీ ఒక్కో కథ ఉంది. ఈసారి రాస్తున్నది మాత్రం బొటనవేలంత కూడా లేని ఒక వస్తువు గురించి. రేడియోకి, టేపురికార్డరుకి, ఇప్పుడు కంప్యూటరు స్పీకర్లకి ముందువైపున ఉండే గుండ్రటి వాల్యూం నాబు, దాని వెనక కనపడకుండా ఉండే కంట్రోలు. అది చెడిపోవడం వల్ల కిందటి సంక్రాంతికి మా మామ్మ గొంతు ఇంక వినపడదనే అనుకున్నాం. అందుకే ఈ రాత.

ముందు ఆ గొంతు సంగతి చెప్పాలి. 1988లో మా చిన్నాన్న కొత్తగా కొన్న టూ-ఇన్-వన్‌లో మామ్మ చేత మాట్లాడించి, పాడించి, అరవై నిమిషాల క్యాసెట్టు ఒకటి నింపాడు. అందులో తిరగలి పాట ఉంది, అప్పగింతల పాట ఉంది, మధ్యమధ్య వంటింట్లోంచి గిన్నెల చప్పుడు కూడా ఉంది. అన్నిటికంటే ముఖ్యం, 1936 నాటి కబుర్లు ఉన్నాయి. ఆ ఏడు ఏప్రిల్ 1న గంజాం జిల్లాలో ఎక్కువ భాగం మద్రాసు ప్రెసిడెన్సీ నుంచి విడిపోయి, కొత్తగా ఏర్పడిన ఒరిస్సా ప్రావిన్సులో కలిసింది. ఇచ్ఛాపురం అటు ఉండిపోయింది, బరంపురం ఇటు వచ్చేసింది. మామ్మకి అప్పుడు ఎనిమిదేళ్లు. "మేం గడప దాటి ఎక్కడికీ ఎల్లలేదు బాబూ, ఊరే ఎల్లిపోనాది" అంటుంది టేపులో. మీరు ఎప్పుడు వలస వచ్చారని ఎవరడిగినా మా ఇంటిల్లిపాదీ చెప్పే జవాబు ఆ ఒక్క మాటే. మా పిల్లల్లో తెలుగు చదవగలిగేవాళ్లు ఇద్దరు ముగ్గురు. కానీ ఆ మాట మాత్రం అందరికీ నోటికి వచ్చు, మామ్మ యాసతో సహా.

2010 ప్రాంతంలో క్యాసెట్టుకి బూజు పట్టడం మొదలైంది. పూర్తిగా పోకముందే బజార్లో ఒక షాపుకి ఇచ్చి సీడీలోకి ఎక్కించాం. ఆ షాపతను రెండు వైర్లు కలపాల్సిన చోట ఒక్కటే కలిపినట్టున్నాడు. సీడీలో మామ్మ గొంతు ఎడమ స్పీకర్లో మాత్రమే వచ్చేది, కుడి స్పీకర్లో ఉత్త బుస్సు మనే శబ్దం. "వినపడుతోంది కదా, చాలు" అనుకుని మేమూ పట్టించుకోలేదు. తర్వాత రెండేళ్లకి క్యాసెట్టు రీలు చిక్కుపడి తెగిపోయింది. మిగిలింది ఆ సీడీ, దాన్నుంచి పాత కంప్యూటర్లోకి ఎక్కించుకున్న ఫైలు.

కిందటి సంక్రాంతికి అంతా పాతింట్లో కలిసినప్పుడు, భోజనాలయ్యాక మామ్మ టేపు పెట్టమన్నారు. పెట్టాం. కుడి వైపు బుస్సు, ఎడమ వైపు నిశ్శబ్దం. సీడీ మార్చి చూశాం, అదే తంతు. సౌండు పెంచితే బుస్సే పెరిగింది. ఫైలు పాడైపోయిందని ఒకరు, సీడీ గీతలు పడిందని ఒకరు. పిన్ని మాట్లాడకుండా లేచి లోపలికి వెళ్లిపోయింది. ఇయర్‌ఫోను పెట్టి చూద్దామని అంతమందిలో ఒక్కరికీ తోచలేదు.

అప్పుడు పెదనాన్నగారు కుర్చీ జరుపుకుని స్పీకరు దగ్గరికి వచ్చారు. వాల్యూం నాబు మీద వేళ్లు పెట్టి తిప్పకుండా, పక్కకి కాస్త ఒత్తారు. గరగరమని శబ్దం, దాంతోపాటు "...ల్లిపోనా..." అని మామ్మ గొంతు అర ముక్క. వేలు తీస్తే మళ్లీ లేదు. "ఫైలుకేం కాలేదర్రా. ఇది మా నాన్న రేడియోకి వచ్చిన జబ్బే" అన్నారు. ఆ మాట అనేసరికి రేడియో కథ మొదలైంది. ఆయన చెప్పినవాటికి మేం తర్వాత చదివి తెలుసుకున్నవి కలిపి ఇక్కడ రాస్తున్నాం.

తాతగారి రేడియో

మా తాతగారు వాల్వు రేడియో కొన్నది 1950ల చివర్లో. పోస్టాఫీసులో ఏటా లైసెన్సు కట్టి, పుస్తకంలో స్టాంపు అతికించుకోవాల్సిన రోజులవి. ఊరు ఒరిస్సాలో ఉంది, ఇంట్లో మాట తెలుగు. తెలుగు వినాలంటే దూరాన్నుంచి పట్టుకోవాలి. మద్రాసు కేంద్రం 1938లో మొదలైంది, బరంపురం నుంచి రైలు దారిలో వెయ్యి కిలోమీటర్లు దాటుతుంది. విజయవాడ కేంద్రం 1948 డిసెంబరులో వచ్చింది, అదీ ఆరువందల పైచిలుకు. 1963లో విశాఖపట్నం కేంద్రం వచ్చాకే మాకు కాస్త ప్రాణం లేచొచ్చింది. అప్పటికి కూడా అది దాదాపు 280 కిలోమీటర్ల దూరం.

మీడియం వేవ్ సంగతి ఆ కాలం వాళ్లందరికీ అనుభవమే. పగటిపూట అలలు నేల వెంబడి, సముద్రం వెంబడి వస్తాయి. ఉప్పునీటి మీద అవి నేలమీద కంటే బాగా సాగుతాయి కాబట్టి, విశాఖ నుంచి తీరం వెంట మాదాకా ఏదోలా చేరేవి. రాత్రయితే పై ఆకాశంలోని పొరకి తగిలి దిగివచ్చే అలలు కూడా కలుస్తాయి. దూరపు విజయవాడ అప్పుడే దొరికేది. కానీ రెండు దారుల్లో వచ్చిన అలలు ఒకదానికొకటి తోడైతే గొంతు పెరుగుతుంది, అడ్డుపడితే తగ్గిపోతుంది. వార్తలు చదివేవారి గొంతు ఒక నిమిషం గదంతా నిండి, మరు నిమిషం బావిలోంచి వచ్చినట్టు ఉండేది.

ఈ పెరగడం తరగడం సర్దడానికి రేడియోలోనే ఒక ఏర్పాటు ఉంటుంది. 1925లో అమెరికాలో హెరాల్డ్ వీలర్ కనిపెట్టాడు దాన్ని, తనంతట తనే వాల్యూం సర్దుకునే పద్ధతి. మా తాతగారి రేడియోలోనూ ఉంది. కానీ దేనికైనా ఒక హద్దుంటుంది కదా. సిగ్నలు మరీ పలచబడిపోతే సర్దడానికి ఏమీ మిగలదు. అందుకని రాత్రి ఏడు దాటాక తాతగారి కుడిచెయ్యి ఎప్పుడూ వాల్యూం నాబు మీదే. మామ్మ వంటింట్లోంచి, "ఏట్రా గుంటలూ, గొంతు మరీ తగ్గించీసేరు, కాస్త పెంచండి" అని కేకేసేది. తగ్గించింది పిల్లలు కాదు, ఆకాశం.

విజయవాడలోనే ఉన్నవాడు రేడియో పెట్టి, వాల్యూం ఒకచోట ఉంచి, తన పని తను చూసుకుంటాడు. మాలాంటి దూరపు ఇళ్లలో ఆ నాబు సాయంత్రానికి వందసార్లు తిరిగేది. పైగా ఆ రేడియోల్లో ఆన్ ఆఫ్ మీట కూడా వాల్యూం నాబులోనే, ఎడమ చివరికి తిప్పితే టక్కుమని ఆగేది. కాబట్టి మా రేడియోలో అన్నిటికంటే ముందు అరిగిపోయింది వాల్వులు కావు, ఈ కంట్రోలే. పెదనాన్నగారి లెక్కలో ఇరవయ్యేళ్లలో దాన్ని మూడుసార్లు మార్చారు.

లోపల ఏముంటుంది

ఈ వస్తువుకి అసలు పేరు పొటెన్షియోమీటరు. రిపేరు షాపుల్లో పాట్ అంటారు, లేదా వాల్యూం కంట్రోలు అనే అంటారు. పేరులో మీటరు ఎందుకు ఉందంటే, మొదట అది కొలిచే పరికరం. 1841లో జర్మనీలో పోగెన్‌డార్ఫ్ అనే శాస్త్రవేత్త, విద్యుత్తు వోల్టేజీని కొలవడానికి దాన్ని తయారుచేశాడు. పొడుగాటి తీగ మీద ఒక ముక్కని జరుపుతూ, ఎక్కడ సరిగ్గా తూగుతుందో చూసేవారు. రేడియోలోకి వచ్చేసరికి కొలిచే పని పోయింది, పంచే పని మిగిలింది. పేరు మాత్రం అలాగే ఉండిపోయింది.

1920ల నాటి బ్యాటరీ రేడియోల్లో గొంతు తగ్గించాలంటే చాలామంది చేసింది వేరు. వాల్వు లోపలి తీగ ఎంత ఎర్రగా కాలాలో ఒక నాబుతో తగ్గించేవారు. తీగ చల్లబడితే వాల్వు సరిగా పనిచేయదు, గొంతు తగ్గుతుంది. ఇల్లు చల్లబడాలని పొయ్యి ఆర్పుకున్నట్టు ఉండేది ఆ పద్ధతి. తర్వాత రేడియోలు ఇంటి కరెంటు మీద నడవడం మొదలయ్యాక, కార్బన్ పూత పూసిన కంట్రోలు స్థిరపడింది. మా తాతగారి రేడియోలో ఉన్నది అదే, ఇప్పటి కంప్యూటరు స్పీకరులో ఉన్నదీ దాని మనవడే.

విప్పి చూస్తే లోపల గుర్రపు నాడా ఆకారంలో నల్లటి కార్బన్ దారి ఉంటుంది. దాని రెండు చివరలకి రెండు కాళ్లు. మూడో కాలు మధ్యది, నాబుతో పాటు ఆ నల్లటి దారి మీద జారే సన్నటి రేకుకి కలిసి ఉంటుంది. ఒక చివర నుంచి శబ్దపు సిగ్నలు వస్తుంది, రెండో చివర నేలకి కలిసి ఉంటుంది. జారే రేకు ఎక్కడ నిలబడితే అంత వాటా ముందుకు వెళుతుంది. చేలో తూము ఎత్తి దించినట్టే. స్టీరియో కాబట్టి కంప్యూటరు స్పీకరులో ఇలాంటి దారులు రెండు, ఎడమకి ఒకటి, కుడికి ఒకటి, ఒకే కడ్డీ మీద. అందుకే ఆరు కాళ్లుంటాయి.

రేకు ఆ కార్బన్ మీద ఏళ్ల తరబడి రాసుకుంటుంది. పొడి రాలుతుంది, దుమ్ము చేరుతుంది, మాలాంటి సముద్రపు గాలి ఊళ్లలో తేమ కూడా తోడవుతుంది. రేకు ఒక్క క్షణం పైకి లేచినా సిగ్నలు తెగి గరగరమంటుంది. రెండు దారుల్లో ఒకదానిమీద రేకు పూర్తిగా పట్టు తప్పితే ఆ వైపు స్పీకరు మూగబోతుంది. మామ్మ గొంతు ఉన్నది ఎడమ వైపే. పోయింది ఆ ఎడమ దారే.

తాతగారి కాలంలో ఈ గరగరకి ఇంటి వైద్యం ఒకటుండేది. కొబ్బరినూనె చుక్క, లేదా కుట్టుమిషను నూనె. చుక్క వేసి నాలుగుసార్లు తిప్పితే శబ్దం వెంటనే పోయేది, అందరికీ సంతోషం. నెల తిరక్కుండా ఆ జిడ్డుకి దుమ్మంతా అంటుకుని మొదటికంటే ఎక్కువ గరగర. బజార్లో రేడియో మెకానిక్ ఒకాయన, ఒరియా తెలుగు కలిపి మాట్లాడేవాడట, ప్రతిసారీ తాతగారిని కోప్పడేవాడు: "నూనె తలకి రాసుకోండి బాబూ, దీనికి కాదు." ఆయన పెట్రోలులో ముంచిన దూదితో తుడిచేవాడని పెదనాన్నగారికి గుర్తు. ఇప్పుడు అంతకంటే మంచి మందులు వచ్చాయి, పెట్రోలు జోలికి ఎవరూ పోనక్కర్లేదు.

మేం బాగుచేసిన విధం

మర్నాడు కనుమ. పెదనాన్నగారు, మా తమ్ముడు కలిసి పనికి కూచున్నారు. ముందు ప్లగ్గు పీకారు. ఆ స్పీకర్లలో కరెంటు ట్రాన్స్‌ఫార్మరు లోపలే ఉంటుంది కాబట్టి ఇది మరిచిపోకూడని మాట. పీకాక కూడా లోపలి పెద్ద కెపాసిటర్లలో కాసేపు చార్జి ఉంటుంది, కాఫీ తాగి వచ్చేంత సేపు ఆగారు. నాబుని సూటిగా ముందుకు లాగితే ఊడొచ్చింది. వెనక స్క్రూలు విప్పి, వైర్లు ఎక్కడెక్కడ ఉన్నాయో ఫోనుతో ఒక ఫోటో తీసుకుని, బోర్డు బయటికి తీశారు.

ఎలక్ట్రికల్ కాంటాక్ట్ క్లీనరు డబ్బా షాపుల్లో దొరుకుతుంది. కంట్రోలు వెనక కాళ్ల దగ్గర సన్నటి సందు ఉంటుంది, అందులోంచి కొద్దిగా కొట్టి, నాబుని ఈ చివర నుంచి ఆ చివరకి ముప్ఫైసార్లు తిప్పారు. క్లీనరు లేకపోతే ఐసోప్రొపైల్ ఆల్కహాలు చాలు. తలుపు బందులకి వేసే స్ప్రేలు మాత్రం వద్దు, అవి కొబ్బరినూనెకి చుట్టాలే. పూర్తిగా ఆరాక బిగించి, టేపు పెట్టారు.

ఎడమ వైపు నుంచి మామ్మ తిరగలి పాట మొదలెట్టింది. పిన్ని వంటింటి గుమ్మంలో నిలబడిపోయింది. ఆ పూట టేపు మొదటి నుంచి చివరిదాకా రెండుసార్లు విన్నాం.

కథ అక్కడితో అయిపోలేదు. మూడు వారాలకి మళ్లీ ఎడమ వైపు పోయింది. తుడిస్తే పోయేది దుమ్ము, అరిగిపోయిన కార్బన్ తిరిగి రాదు. కొత్తది వెయ్యాల్సిందే. పాతదాని మీద ఎ50కె అని రాసి ఉంది. మా తమ్ముడు షాపుకి వెళ్లి 50కె అని మాత్రమే చెప్పి కొనుక్కొచ్చాడు. ఆరు కాళ్లూ టంకం కరిగించి ఊడదీసి, కొత్తది పెట్టి టంకం వేశాడు. రెండు వైపులా బ్రహ్మాండంగా మోగింది. కానీ నాబు కాస్త కదిపేసరికి గొంతు ఒక్కసారిగా గుప్పున లేచేది, ఆ తర్వాత ఎంత తిప్పినా పెద్ద తేడా లేదు. చూస్తే తెచ్చింది బి50కె.

ఆ ఒక్క అక్షరంలో మన చెవి సంగతంతా ఉంది. శబ్దపు శక్తి పదిరెట్లు పెరిగితే మన చెవికి సుమారు రెండింతలైనట్టు మాత్రమే అనిపిస్తుంది. అందుకే టెలిఫోను కంపెనీ ఇంజనీర్లు 1920లలో శబ్దానికి డెసిబెల్ లెక్క పెట్టారు, అలెగ్జాండర్ గ్రాహంబెల్ పేరు మీద. వాల్యూం కంట్రోలు కూడా చెవి లెక్కలోనే నడవాలి. సగం తిప్పినప్పుడు సిగ్నల్లో సగం కాదు, పది పదిహేను శాతం మాత్రమే వదలాలి. అప్పుడే చెవికి సమంగా పెరిగినట్టు ఉంటుంది. ఇప్పుడు మనకి దొరికే సరుకులో ఎ అంటే ఆ రకం, బి అంటే సగానికి సగం వదిలే సమాన రకం. కొన్ని దేశాల పాత సరుకులో అక్షరాల అర్థం వేరుగా ఉంటుంది కాబట్టి మీటరుతో చూసుకోవడం మేలు. నాబుని సరిగ్గా మధ్యలో పెట్టి, మధ్య కాలికీ రెండు చివరలకీ కొలవండి. 50కె కంట్రోలులో రెండు వైపులా పాతిక వేలు ఓమ్‌లు చూపిస్తే బి రకం. ఒక వైపు అయిదారు వేలు, రెండో వైపు మిగతాదంతా చూపిస్తే ఎ రకం. కాళ్ల మధ్య దూరం, కడ్డీ పొడుగు కూడా పాతదానితో సరిపోవాలి. పాత కంట్రోలు చేత్తో పట్టుకుని వెళ్లి షాపులో చూపించడం అన్నిటికంటే సులువు.

రెండో విడత ఎ50కె దొరికింది. ఇరవై రూపాయల లోపు సరుకు. అది వేశాక ఇప్పటిదాకా ఇబ్బంది లేదు. కొత్తది వేసినా గరగర పోకపోతే దోషం కంట్రోలుది కాకపోవచ్చు. దానికి ముందుండే కెపాసిటరు లీకై, బ్యాటరీ కరెంటు లాంటిది కంట్రోలు మీదికి వస్తుంటే కూడా తిప్పినప్పుడల్లా గరగరమంటుంది. నాబు ఒత్తినప్పుడే మోగుతుంటే కాళ్ల దగ్గర టంకం చుట్టూ సన్నటి పగులు ఉందేమో భూతద్దంతో చూడండి, ఉంటే మళ్లీ టంకం వేస్తే సరి. ఆపకుండా గుండ్రంగా తిరుగుతూనే ఉండే నాబులు మాత్రం వేరు జాతి. వాటిలో కార్బన్ దారి ఉండదు, ఎన్ని మెట్లు తిరిగిందో లోపలి చిప్పు లెక్కపెడుతుంది. వాటికి ఈ కొలతలు పనికిరావు.

ఆ రోజు మేం నేర్చుకున్నది

స్పీకర్లు బాగుపడ్డాయి, సంతోషమే. కానీ ఆ సంక్రాంతి రాత్రి మేం ఎంత తొందరగా చేతులెత్తేశామో తలుచుకుంటే ఇప్పటికీ సిగ్గుగా ఉంది. మామ్మ గొంతు చెక్కుచెదరకుండా ఉంది. పోయింది ఇరవై రూపాయల ముక్క. ఇంకో రెండు రోజులు పెదనాన్నగారు రాకపోయి ఉంటే ఆ సీడీని పనికిరానిదని పారేసేవాళ్లమేమో. అసలు పారేసిన ఇళ్లు కూడా మాకు తెలుసు.

అందుకే ఆ వారంలోనే ఇంకో పని చేశాం. మామ్మ ఫైలు తీసి, ఎడమ వైపు ఉన్న గొంతును కుడి వైపుకి కూడా కాపీ చేశాం. కంప్యూటరులో ఉచితంగా దొరికే ఆడాసిటీ లాంటి ప్రోగ్రాముతో పది నిమిషాల పని అది. ఇప్పుడు ఏ వైపు స్పీకరు పోయినా మామ్మ పోదు. ఆ కొత్త ఫైలు బరంపురంలో ఒకటి, విశాఖలో పిన్ని దగ్గర ఒకటి, బెంగుళూరులో తమ్ముడి దగ్గర ఒకటి ఉంచాం. పాత ఫైలునీ పారేయలేదు.

మనలాంటి ఇళ్లలో, అంటే ఊరి భాష ఒకటి ఇంటి భాష ఒకటి అయిన చోట, పెద్దవాళ్ల గొంతు టేపుల్లో, సీడీల్లో, పాత ఫోనుల్లో ఎక్కడో ఒకచోట పడి ఉంటుంది. మీ ఇంట్లో అలాంటిది మోగకపోతే, పోయిందని అనుకునే ముందు ఇయర్‌ఫోనుతో వినండి. ఇంకో స్పీకరు పెట్టి చూడండి. నాబుని పక్కకి కాస్త ఒత్తి చూడండి. అప్పటికీ రాకపోతే అప్పుడు బాధపడొచ్చు.

మా పాత స్పీకర్లు ఇప్పటికీ తాతగారి రాతబల్ల మీదే ఉన్నాయి. ఈ ఉగాదికి మా చిన్న మనవరాలు తనే వెళ్లి టేపు పెట్టింది. గొంతు చిన్నగా వస్తోందని మేం అంటుండగానే, మామ్మ యాసలోనే, "కాస్త పెంచండి గుంటలూ" అని తనే నాబు తిప్పింది.